ఫ్రాన్ట్స్ యోసెఫ్ వ్యూర్మెలింగ్: జర్మనీ తొలి కుటుంబమంత్రి చరిత్రము

గృహమును రక్షించుట రాజధర్మమని యెల్లదేశముల ధర్మశాస్త్రములును జెప్పుచున్నవి. కాని యా రక్షణము గృహమను వ్యవస్థకా, గృహమునందలి వ్యక్తులకా యన్న ప్రశ్న వచ్చినప్పుడు సమాధానము సులభము గాదు. గృహపతి యధికారమును నిలుపుటయే గృహరక్షణమా? లేక తండ్రికిఁ దల్లికి సమముగ హక్కు లొసఁగి, బిడ్డల పోషణమునకుఁ జేయూఁత యిచ్చుట గృహరక్షణమా? రెండవ ప్రపంచయుద్ధమునకుఁ దరువాత పశ్చిమ జర్మనీయందు నీ ప్రశ్న పండితుల చర్చగా మాత్రమే యుండక, శాసనసభలందును న్యాయస్థానములందును బహుసంవత్సరములు సాగిన వివాద మయ్యెను. ఆ వివాదమున నొకపక్షమునకు నాయకుఁడై నిలిచినవాఁడు 1953 మొదలు 1962 వఱకుఁ గుటుంబమంత్రిగా నుండిన ఫ్రాన్ట్స్ యోసెఫ్ వ్యూర్మెలింగ్.

ఈతని పేరు పిమ్మటి తరములవారికి రైలుప్రయాణపు రాయితీపత్రమువలనను, దానినిగూర్చిన పరిహాసమువలనను దెలిసినంతగా నితరకార్యములవలనఁ దెలియదు. అది యాతని చరిత్రమునకుఁ దగిన కొలఁత కాదు. ఆతఁడు కుటుంబములకు సంపాదించిన ధనసాహాయ్యము నిలిచి పెరిగినది. ఆ సాహాయ్యముతోఁ గాపాడఁదలఁచిన గృహక్రమము కూలినది. ఈ రెండును విడిపోవు నని యాతఁ డూహింపలేదు. అవి యెట్లు విడిపోయెనో చెప్పుటయే యాతని చరిత్రమును జెప్పుట.

పౌరస్మృతి

1900 జనవరి 1 వ తేదీని జర్మను సామ్రాజ్యమంతటికిని నేకరూపమగు పౌరస్మృతి యమలులోనికి వచ్చెను. అంతకుముందు ప్రష్యా, బవేరియా, సాక్సనీ మొదలగు రాష్ట్రములం దొక్కొక్కచో నొక్కొక్క ధర్మము నడచుచుండెను. క్రొత్తస్మృతి యీ భేదములను దొలఁగించెనుగాని గృహవిషయమునఁ బ్రాఁతత్రోవనే పట్టెను. దాని 1354 వ సూత్రము ననుసరించి దాంపత్యజీవనమునకుఁ జెందిన సమస్తవిషయములను నిర్ణయించు నధికారము భర్తది. ఎచ్చట నివసింపవలెనో చెప్పువాఁడును నతఁడే. 1358 వ సూత్రముచే, భార్య యితరులయొద్దఁ గొలువునకుఁ జేసికొనిన యొడంబడికను న్యాయస్థానపు టనుమతితో భర్త రద్దుచేయవచ్చును. బిడ్డలవిషయమునఁ దలిదండ్రుల మాట భిన్నమైనచోఁ దండ్రిమాటయే చెల్లునని 1634 వ సూత్రము విధించెను. భార్య పుట్టినింటినుండి తెచ్చిన సొత్తును సామాన్యముగ భర్త యేలుబడిలోనిదే.

స్మృతి యమలులోనికి వచ్చిన యా సంవత్సరముననే నవంబరు 8 వ తేదీని వ్యూర్మెలింగ్ బెర్లినునగరసీమయందుఁ గేథలిక్కు కుటుంబమున జనించెను. ప్రష్యారాజ్యమునఁ గేథలిక్కులు సంఖ్యచే నల్పులు. 1870 తరువాతి దశాబ్దమున బిస్మార్కుమంత్రి వారి మతసంస్థలను రాజ్యముష్టిలోనికిఁ దెచ్చుటకుఁ జేసిన ప్రయత్నమును వారు మఱచిపోలేదు. రాజ్యము గృహమునందును, బాఠశాలయందును, దేవాలయమునందును మితిమీఱి జొరఁబడరాదన్న సిద్ధాంతము వారి రాజకీయపక్షమునకుఁ బునాది. కుటుంబము రాజ్యముకంటెఁ బూర్వమైనది. రాజ్యము దానిని సృజింపలేదు, కాపాడుటకు మాత్రమే కట్టుపడినది యన్న వ్యూర్మెలింగు విశ్వాసమున కీ వాతావరణమే మూలము.

ఆతఁడు రాజనీతి యర్థశాస్త్రముల నభ్యసించి, 1921 లో డాక్టరు పట్టమును బడసి, ప్రభుత్వోద్యోగమునఁ బ్రవేశించెను. తరువాత కాసెల్ నగరమున హెస్సెమండలపు టార్థికవ్యవహారములఁ జూచు నధికారిగాఁ బనిచేసెను. నాజీల పరిపాలనకాలమున రాజకీయముగ విశ్వాసపాత్రుఁడు కాఁడని యుద్యోగమునుండి తొలఁగింపఁబడి, రైనునదీతీరమందలి లిన్ట్స్ పట్టణమున నల్లరాతిగనుల వ్యాపారసంస్థయందు నిర్వాహకుఁడుగాఁ గాలము గడపెను. యుద్ధము ముగిసినపిమ్మటఁ గ్రైస్తవప్రజాస్వామ్యపక్షమునఁ జేరి, రైన్‌లండు-పలాటినేటు రాష్ట్రమున దేశీయాంగశాఖ కార్యదర్శియై, 1949 లో నూతన గణతంత్రపు శాసనసభకు సభ్యుఁడుగా నెన్నికయ్యెను.

అదే కాసెల్ నగరమున నా దినములలోనే మఱియొకవ్యక్తి వకాల్తు చేయుచుండెను. ఆమె ఎలిజబెత్ సెల్బర్ట్, 1896 లో నా నగరముననే పుట్టినది, సాంఘికప్రజాస్వామ్యపక్షమువారు. 1930 లో నామె డాక్టరు పట్టమునకు వ్రాసిన గ్రంథము దాంపత్యభంగమును విడాకులకుఁ గారణముగాఁ బరిగణించుటను గూర్చినది: ఎవరిది తప్పన్న విచారణము గాక, దాంపత్యము నిజముగఁ జెడినదా లేదా యన్న విచారణమే న్యాయమని యామె వాదము. 1934 చివర, స్త్రీలకు న్యాయవాదవృత్తి ద్వారములు మూయఁబడుచున్న తరుణమున, నామె యెట్లో యనుమతి సంపాదించుకొనెను. వ్యూర్మెలింగు చరిత్రము నర్థము చేసికొనుట కీమె చరిత్ర మావశ్యకము. ఏలయన నాతఁడు మంత్రిగా నెదుర్కొనవలసివచ్చిన వాక్యమును వ్రాసినది యీమెయే.

మౌలికశాసనమందలి రెండు ప్రతిజ్ఞలు

1948 సెప్టెంబరులో బాన్ నగరమున రాజ్యాంగనిర్మాణసభ సమావేశమయ్యెను. సభ్యు లఱువదియైదుగురిలో స్త్రీలు నలుగురు. పురుషులును స్త్రీలును సమానమగు హక్కులు గలవారు అన్న చిన్నవాక్యమును మౌలికశాసనమునఁ జేర్పవలెనని సెల్బర్టు ప్రతిపాదించెను. అంతకుముందున్న వైమారు రాజ్యాంగము స్త్రీపురుషులకుఁ బౌరులుగా మాత్రము సమత్వ మిచ్చెను. అనఁగా నోటు మొదలగు విషయములందే. సెల్బర్టు కోరినది గృహమునందును వర్తించు సమత్వము. ఆ వాక్యము చేరినచోఁ బౌరస్మృతిలోని కుటుంబభాగ మంతయు నొక్కమాఱుగఁ జెల్లనిదగునని భయపడి, 1948 డిసెంబరులోఁ బ్రధానసమితి దానిని ద్రోసిపుచ్చెను. సెల్బర్టు దేశమెల్లఁ దిరిగి స్త్రీసంఘములను, గార్మికస్త్రీలను మేల్కొలిపెను. లేఖలు కుప్పలుగ వచ్చి పడెను. యుద్ధమునఁ బురుషులు నశించుటచే నా కాలమున జర్మనీయందుఁ బురుషులకంటె స్త్రీలు సుమారు డెబ్బదిలక్షలమం దధికముగ నుండిరి; వారి మాటను విననట్లుండుట యే పక్షమునకును సాధ్యము కాలేదు. 1949 జనవరి 18 వ తేదీని వాక్య మంగీకరింపఁబడెను. అదియే మూఁడవ యధికరణము.

అదే శాసనమున నాఱవ యధికరణము వివాహమును, గుటుంబమును రాజ్యముయొక్క విశేషరక్షణమునకుఁ బాత్రములని ప్రకటించెను. రెండింటిని నొకచోఁ జదివినప్పుడు వైరుధ్య మేమియుఁ గనఁబడదు. కాని పౌరస్మృతి ప్రకారము నడచుచున్న కుటుంబమునే కుటుంబముగాఁ దలఁచువారికి మూఁడవ యధికరణ మాఱవదానికి శత్రువు. వివాదమునకు బీజ మిచ్చటనే పడెను. సమత్వమునకు విరుద్ధములైన పాతవిధులు 1953 మార్చి 31 వఱకు మాత్రమే చెల్లునని 117 వ యధికరణము గడువు నిర్ణయించెను. ఆ గడువు లోపల శాసనసభ క్రొత్తకుటుంబశాసనమును జేయలేకపోయెను. గడువు దాఁటెను; న్యాయాధిపతులే తోఁచినట్లు తీర్పు చెప్పవలసిన స్థితి యేర్పడెను.

మంత్రిపదవి

ఇట్టిసమయమున, 1953 అక్టోబరు 20 వ తేదీని, ప్రధానమంత్రి కొన్రాడ్ అడెనావర్ తన రెండవమంత్రివర్గమునఁ గుటుంబవిషయములకొఱకుఁ బ్రత్యేకముగ నొక శాఖను నెలకొల్పి వ్యూర్మెలింగునకు నప్పగించెను. జర్మనీచరిత్రమున నట్టిశాఖ యిదియే మొదటిది. శాసనసభలో నడెనావరు చేసిన యుపన్యాసమున వృద్ధులసంఖ్య పెరిగి శిశువులసంఖ్య తఱుఁగుచుండుటను గూర్చిన యాందోళనము కనఁబడినది. ప్రతిపక్షములకు శాఖ యనవసర మనిపించెను. స్వపక్షముతోఁ గలిసి ప్రభుత్వము నడపుచున్న స్వతంత్రప్రజాస్వామ్యపక్షమువారికిని నీ నియామకము రుచింపలేదు. శాఖ మిక్కిలి చిన్నది, ఉద్యోగులు కొలఁదిమంది, స్వయముగ శాసనమును జేయు నధికార మంతగా లేదు. ఇతరశాఖలు చేయు శాసనములందుఁ గుటుంబపక్షమున మాటాడుటయే దాని ముఖ్యకార్యము.

శాఖ యనుమానమునకుఁ బాత్రమగుటకు మఱియొక కారణము గలదు. జర్మనీయందుఁ గుటుంబమును రాజ్యకార్యముగఁ జేసినవారిలో నింతకుముందు నాజీలుండిరి. వారు 1936 లో బహుసంతానవంతులకు భృతి నేర్పఱచిరి. 1938 లోఁ దల్లులకొఱకుఁ బతకమును నెలకొల్పిరి. ఆ గౌరవములన్నియుఁ దమ జాతివాదమునకు సరిపడినవారికే. వ్యూర్మెలింగు తన కార్యము జననసంఖ్యను బెంచుటకుఁ గాదనియుఁ, గుటుంబమునకు న్యాయము చేయుటకే యనియుఁ బలుమాఱు చెప్పెను. అయినను, సత్క్రమమునఁ బెరిగిన బిడ్డలుగల లక్షలకుటుంబములు తూర్పుదేశముల ముప్పునకు సైన్యబలముతో సమమగు రక్షణమని యాతఁడే వ్రాసియుండుటచేఁ, జదివినవారికిఁ బ్రాఁతవాసన తగులక మానలేదు. ఈ మాటలయం దాతని కాలము, ప్రచ్ఛన్నయుద్ధపు భయము కనఁబడుచున్నవి. సరిహద్దునకుఁ దూర్పున నున్న జర్మనులరాజ్యము 1950 లోనే తల్లిబిడ్డల రక్షణశాసనమున భర్త యేకాధికారమును రద్దుచేసి, స్త్రీలను గర్మాగారములకుఁ బిలుచుచుండెను. పశ్చిమమునఁ దల్లి యింట నుండుట యనునది యిట్లు గృహధర్మముగా మాత్రమే గాక, రాజకీయధ్వజముగఁ గూడ మాఱెను.

సంతానభృతి

వ్యూర్మెలింగునకు శత్రువులైనవారును గాదనలేని భాగ మాతని యార్థికవాదము. కర్మాగారమునఁ బక్కపక్కను బనిచేయు నిద్దఱిలో నొకఁడు బ్రహ్మచారి, యొకఁ డైదుగురు బిడ్డల తండ్రి. జీతము పనినిబట్టి వచ్చును గాని భోజనపంక్తినిబట్టి రాదు గనుక నిరువురకును నొకటే. విపణికి బిడ్డ కానరాదు. అయినను నా యైదుగురు బిడ్డలే రేపు పనిచేసి, పన్నులు కట్టి, బ్రహ్మచారికిని వార్ధక్యమున నింత యన్నము పెట్టువారు. కావున బిడ్డలఁ బెంచుభారమున సంఘమంతయుఁ బాలు పంచుకొనవలెను. దీనినే జర్మనులు కుటుంబభారసమీకరణ మనిరి. వ్యూర్మెలింగు తానే యైదుగురు బిడ్డలతండ్రి యగుట యీ వాదమున కనుభవబల మిచ్చెను.

1954 నవంబరు 13 వ తేదీని సంతానభృతిశాసనము పుట్టెను. దీనిని బ్రవేశపెట్టినది వ్యూర్మెలింగు శాఖ గాదు, శాసనసభయందలి క్రైస్తవపక్షము. కాని యాతఁడు దానికిఁ బ్రబలవాది. 1955 జనవరి మొదలుకొని మూఁడవబిడ్డ నుండి ప్రతిబిడ్డకును నెలకు 25 మార్కుల భృతి లభించెను. ఈ ధనము రాజ్యపుబొక్కసమునుండి వచ్చినది గాదు. వృత్తులవారీగ నుండిన ప్రమాదభీమాసంఘముల చెంతఁ గుటుంబసమీకరణనిధుల నేర్పఱచి, యజమానులచే నందుఁ జందాలు కట్టించిరి. రాజ్యము దూరముగ నుండవలె నన్న కేథలిక్కు సిద్ధాంతమున కిది యనుగుణము. కాని పద్ధతి చిక్కులమయమయ్యెను. నిరుద్యోగుల బిడ్డలు మొదలగువా రేనిధికిని జెందనివారైరి. వారికొఱకు 1955 లోనే వేఱుశాసనము చేయవలసివచ్చెను. భృతి 1957 లో 30 మార్కులకును, 1959 లో 40 మార్కులకును బెరిగెను. 1961 లో రెండవబిడ్డకును 25 మార్కు లిచ్చుట కంగీకరించిరి. ఐతే కుటుంబపు రాబడి మితమునకు లోఁబడి యుండవలెను, ధనము రాజ్యముదే కావలెను. ఆవిధముగ రాజ్యము దూరముగ నుండుట సాధ్యము గాదని యనుభవమే తేల్చెను. 1964 శాసనముతో నిధులు పోయి, భారమంతయు రాజ్యమే వహించెను.

ఇదే దశకమున నింకొక యవకాశము చేజాఱినది. 1955 లో విల్‌ఫ్రిడ్ ష్రైబర్ అను కేథలిక్కు యర్థశాస్త్రజ్ఞుఁడు, పనిచేయు తరమువారు వృద్ధులకును, శిశువులకును నొకేసమయమునఁ బింఛను లీయవలెనని పథకము వ్రాసెను. అడెనావరు 1957 లోఁ జేసిన పింఛనుసంస్కరణమున వృద్ధులభాగము మాత్రమే స్వీకరింపఁబడెను, శిశువులభాగము విడువఁబడెను. వృద్ధులకు వోటు గలదు, శిశువులకు లేదు. వ్యూర్మెలింగు శాఖ బలహీనత కింతకంటె వేఱు నిదర్శన మక్కఱలేదు.

చిన్నకార్యములలో నాతనికి జనామోదము దొరకినది రైలురాయితీ. మువ్వురు, అంతకుమించిన బిడ్డలుగల కుటుంబములందలి బిడ్డలు సగము కేవుతోఁ బ్రయాణము చేయుటకు 1955 లో నొకపత్రము నిచ్చిరి. జనులు దానిని మంత్రిపేరనే పిలిచిరి. కుందేళ్లపత్ర మని పరిహసించినవారును గలరు. అధికసంతానమునకుఁ గుందేలు జర్మనులయం దుపమానము. పరిహసింపఁబడినను నా పత్ర మనేకదశాబ్దములు చెల్లినది. వేసవిసెలవులలో నమ్మమ్మ యూరికిఁ బోవుట కలగాఁ దోఁచిన యిండ్లవారికి దానివలనఁ గలిగిన యుపకారము చిన్నది గాదు.

తండ్రి తుదిమాట

వ్యూర్మెలింగు దృష్టిలో నీ సాహాయ్యమంతయు నొకక్రమమును నిలుపుటకు సాధనము. ఆ క్రమమునఁ దండ్రి గృహమునకు శిరస్సు, తల్లి హృదయము. తల్లితనము వృత్తులన్నింటికంటె నుత్తమమైన ముఖ్యవృత్తి యని యాతని మతము. కారుకొఱకును, విలాసవస్తువులకొఱకును దల్లులు పనికిఁ బోవుచున్నారని యాక్షేపించెను. చలనచిత్రములయందు దాంపత్యధర్మము పలుచనగుచున్నదని ప్రజలే నిరోధింపవలెనని పిలుపునిచ్చెను. యుద్ధమున భర్తలఁ గోలుపోయిన స్త్రీలలోఁ బెక్కండ్రు మఱల వివాహమాడినచో వితంతుపింఛను పోవునన్న భయముచే, వివాహము లేకయే యొకనితోఁ గాపురముండిరి. బిడ్డ లా పురుషుని మామ యని పిలుచుటచే నా కాపురములకు మామపెండ్లి యని పేరు వచ్చెను. వ్యూర్మెలింగు వీనిని దీవ్రముగ ఖండించెను. నీతిదృష్టి నాతనికిఁ గారణము గలదు. కాని యా స్త్రీల కడ్డుపడినది యవినీతి గాదు, పింఛనుశాసనము.

కుటుంబశాసనము తుదకు 1957 జూను 18 వ తేదీని బుట్టి, మఱుసటి సంవత్సరము జూలై 1 నుండి యమలులోనికి వచ్చెను. ప్రభుత్వము తొలుత దాంపత్యమున భర్త తుదినిర్ణయమును నిలుపఁదలఁచెను; కేథలిక్కు బిషప్పులును నట్లే కోరిరి. శాసనసభయందు దీని నెదిరించినవారిలోఁ గ్రైస్తవప్రజాస్వామ్యపక్షమునకే చెందిన న్యాయశాస్త్రజ్ఞురాలు ఎలిజబెత్ ష్వార్ట్స్‌హౌప్ట్ ముఖ్యురాలు. ఆమె ప్రొటెస్టంటు. క్రైస్తవధర్మము దంపతులలో నొకరి కధికారమును శాసించుచున్న దన్న వాదమును నామె యంగీకరింపలేదు. 1354 వ సూత్రము తొలఁగిపోయెను. భార్య కొలువును రద్దుచేయు భర్త యధికారమును బోయెను. భార్యకు గృహనిర్వాహము స్వాధీన మయ్యెను, దాంపత్యధర్మములకు భంగము లేనంతవఱకు నుద్యోగము చేయుటకు హక్కు గలిగెను. కాని బిడ్డలవిషయమున నేకాభిప్రాయము కుదరనిచోఁ దండ్రిమాటయే తుదిమాట యన్న విధిని నిలిపిరి. వ్యూర్మెలింగు పక్షమునకు మిగిలిన కోట యిదియొక్కటే.

ఆ కోటయు రెండుసంవత్సరములే నిలిచినది. కార్ల్స్‌రూహె నగరమందలి రాజ్యాంగన్యాయస్థానము 1953 డిసెంబరులోనే, సమత్వవాక్యము కేవలాశయము గాదు, నేరుగ నమలగు శాసనమని తీర్పు చెప్పియుండెను. 1957 జనవరిలో, దంపతుల రాబడిని గలిపి యధికపన్ను వేయుట రాజ్యాంగవిరుద్ధమని చెప్పుచు, భార్యను గొలువుమాన్పి యింటికిఁ బంపుట యీ పన్నునకు సమర్థనము కాఁజాలదని తేల్చెను. ఈ తీర్పునకుఁ జేకొనఁబడిన యాధారములలో వివాహరక్షణమును జెప్పిన యాఱవ యధికరణము గలదు. అనఁగా, ఏ యధికరణమును బట్టుకొని వ్యూర్మెలింగు పక్షమువారు గృహక్రమమును గాపాడఁజూచిరో, న్యాయాధిపతు లా యధికరణముచేతనే భార్య స్వాతంత్ర్యమును గాపాడిరి. తుదకు 1959 జూలై 29 వ తేదీని దండ్రి తుదిమాటను జెల్లదని కొట్టివేసిరి. ఆ ధర్మాసనమున నా న్యాయస్థానపు తొలి స్త్రీ న్యాయాధిపతి ఎర్నా షెఫ్లర్ గలదు. తలిదండ్రులు సమానులు, వారు సమాధానపడవలెను, పడనిచోఁ దీర్పునకు న్యాయస్థాన మున్నదిగాని, పురుషుఁడై పుట్టుట తీర్పు చెప్పుటకు యోగ్యత కాదన్నది యా నిర్ణయపు సారము.

వ్యూర్మెలింగునకు దీని తరువాత లభించిన జయము విడాకులవిషయమున నొక్కటియే. 1961 ఆగస్టునఁ జేసిన సవరణముచే, నిర్దోషియగు దంపతి యంగీకరింపనిచో విడాకులు దొరకుట మునుపటికంటెఁ గష్టతర మయ్యెను. అదే సంవత్సరము నవంబరులో నడెనావరు క్రొత్తమంత్రివర్గమునఁ దొలిసారి యొకస్త్రీకి స్థాన మిచ్చెను. ఆరోగ్యశాఖకు వచ్చిన యామె, తండ్రి తుదిమాటను నెదిరించిన ష్వార్ట్స్‌హౌప్టే. ఒకే మంత్రివర్గమున వ్యూర్మెలింగును నామెయుఁ గూర్చుండిరి.

పదవీవిరమణము, పిదపటికథ

1962 డిసెంబరులో మంత్రివర్గము మాఱినప్పుడు వ్యూర్మెలింగునకుఁ జోటు దొరకలేదు. ఆతని స్థానమున బ్రూనో హెక్ వచ్చెను. 1969 వఱకు శాసనసభాసభ్యుఁడుగా నుండి, పిమ్మట రాజకీయములనుండి విరమించెను. తన పదవీకాలపు గృహక్రమ మొక్కొకటిగఁ గూలుట నాతఁడు జీవించియుండియే చూచెను. 1975 నుండి సంతానభృతి మొదటిబిడ్డకే యిచ్చుట కారంభించిరి. 1977 జూలై 1 నుండి యమలైన వివాహశాసనము గృహిణీదాంపత్యమును ధర్మశాస్త్రమునుండి తొలఁగించి, ఎవరిది తప్పన్న విచారణమును విడిచి, దాంపత్యభంగమునే విడాకులకుఁ గారణముగాఁ జేసెను. 1930 లో సెల్బర్టు వ్రాసిన సిద్ధాంత మిదియే. 1980 నుండి స్మృతియందుఁ దలిదండ్రుల స్థానమును జెప్పు పదమును గూడ మాఱ్చిరి. అంతవఱకు నుండిన గెవాల్ట్ అను పదమునకు నధికార మని యర్థము. దాని స్థానమున సోర్గె అను పదమును జేర్చిరి. దానికి సంరక్షణ మని యర్థము. ఒక్కపదమును మార్చుటకు నెనుబదియేండ్లు పట్టెను.

1986 జనవరి 1 నుండి, అదే క్రైస్తవపక్షమునకుఁ జెందిన రీటా సూస్‌మూత్ కుటుంబమంత్రిణిగా నుండఁగా, శిశువును బెంచుటకొఱకు సెలవును, భృతియుఁ దల్లికే గాక తండ్రికిని గూడ నీయఁబడెను. ఆ సంవత్సరము మార్చి 7 వ తేదీని వ్యూర్మెలింగు మ్యూన్‌స్టర్ నగరమునఁ గాలధర్మము నొందెను. జూనులో నా శాఖపేరున స్త్రీలపేరును జేరెను. అదే నెల 9 వ తేదీని సెల్బర్టు కాసెలునందుఁ గన్నుమూసెను. 2007 లో నురుసులా ఫాన్ డెర్ లైయెన్ మంత్రిణిగా నున్నపుడు వచ్చిన తలిదండ్రులభృతి, మానివేసిన జీతమున నూటికి 67 పాళ్ల నిచ్చుచు, రెండవవారును బిడ్డను బెంచుటకు సెలవు తీసికొన్నచో మఱి రెండుమాసములు పెరిగెను. తల్లి యింట నుండుట కిచ్చిన సాహాయ్యముగ మొదలైనది తండ్రి నింటికిఁ దెచ్చు సాహాయ్యముగ ముగిసినది. ఆ మంత్రిణి యేడుగురు బిడ్డలతల్లి, వ్యూర్మెలింగు పక్షమువారే.

వ్యూర్మెలింగు చరిత్రమును దీర్పుచేయువారు సాధారణముగ నొకపక్షమునే చూచుచున్నారు. ఆతనిని గాలమునకు వెనుకఁబడినవాఁడని త్రోసివేయువారు, బిడ్డను బెంచుట సంఘకార్యమని, దాని వ్యయమును సంఘము పంచుకొనవలెనని రాజ్యమున నొక మంత్రిపీఠమునుండి తొమ్మిదేండ్లు చెప్పినవాఁ డాతఁడే యని మఱచుచున్నారు. ఆతనిని గుటుంబరక్షకుఁడని కొనియాడువారు, ఆతఁడు రక్షింపఁజూచిన తండ్రిపీఠము పోయినపిమ్మటఁ గుటుంబము నశింపలేదని, సాహాయ్యము పెరిగినదేకాని తఱుఁగలేదని చూడకున్నారు. 2025 లో జర్మనీయందుఁ బ్రతిబిడ్డకును నెలకు 255 యూరోల సంతానభృతి యొసఁగుచుండిరి. తండ్రి తుదిమాట లేకున్నను నా ధన మింటింటికిఁ జేరుచునే యున్నది.

అర్థమును నధికారమును విడఁదీయరానివని వ్యూర్మెలింగు నమ్మెను. గృహమును బోషించుటకు గృహపతి నేలికగ నుంచుట యవసరము గాదని యాతని దేశపు ననుభవము చూపినది. ఆ యనుభవము కలుగుటకుఁ గారణములు రెండు: ఒకటి సెల్బర్టు వ్రాసిన వాక్యము, రెండవది వ్యూర్మెలింగు సాధించిన భృతి. ఒకటి లేక రెండవది చాలదు. సమత్వము మాత్రమే యుండి సాహాయ్యము లేనిచో బిడ్డలభారము తల్లిమీఁదనే పడును. సాహాయ్యము మాత్రమే యుండి సమత్వము లేనిచో నా సాహాయ్యము సంకెల యగును. జీవించియుండఁగా నొకరికొకరు ప్రతిపక్షులుగ నుండిన యిరువురి కార్యములు, వారనంతరము నొకే గృహమునకు రెండుస్తంభములై నిలిచినవి.